చచ్చినోడి పెత్తనం

మనిషి చచ్చిపోయాక అతని పెత్తనం కూడా చచ్చిపోవాలి. మామూలు న్యాయం అది. కానీ లోకం అలా నడవదని ఊళ్ళో బతికేవాళ్ళకి ఒకరు చెప్పాల్సిన పని లేదు. తాత తీసుకున్న అప్పుకి మనవడు జీతం ఉన్న ఊళ్ళు మనవి. అప్పిచ్చినోడు పోయాడు. అప్పు తీసుకున్నోడు పోయాడు. మధ్యలో నోటు కాయితం మాత్రం బతికే ఉంది. ఆ కాయితానికి కళ్ళు లేవు, చెవులు లేవు, కడుపు లేదు. అయినా అది మూడో తరం పిల్లగాణ్ణి బడి మాన్పించి గొడ్ల వెంట పంపించింది. ఆ కాయితాలు చెల్లవని చెప్పడానికి 1976లో ఒక చట్టమే చెయ్యాల్సి వచ్చింది. చట్టం వచ్చినా చాలా చోట్ల కాయితం తన పని తాను చేసుకుంటూనే పోయింది.

ఈ సంచికలో మేం ఒక అమెరికా నవల గురించి రాస్తున్నాం. దాని పేరు 'డీమన్'. రాసినాయన డేనియల్ స్వారెజ్. కరువు, కూలి, భూమి గురించి రాయాల్సిన పేజీలో కంప్యూటర్ల మీద రాసిన డిటెక్టివ్ నవల గొడవెందుకని ఎవరైనా అడగొచ్చు. అడగాలి కూడా. అడిగినవాళ్ళకి మా జవాబు ఇది. ఈ నవల చెప్పే భయం కాలిఫోర్నియాలోనే ఆగిపోయేది కాదు. దాని చిన్న తమ్ముడు మన రేషన్ షాపు దాకా వచ్చేశాడు. అది ఎలా వచ్చిందో, ఎవరి నోటి దగ్గర కూడు తీసిందో చెప్పుకోవడానికి ఈ కథ మనకి పనికొస్తుంది.

ముందు పుస్తకం అచ్చయిన తీరు చెప్పుకోవాలి. స్వారెజ్ పెద్ద కంపెనీలకి కంప్యూటర్ సలహాలిచ్చే ఉద్యోగి. రచయితగా అతనికి పేరు లేదు. నవల రాసి అచ్చు వేయించాలని తిరిగితే తలుపులు తెరుచుకోలేదు. అప్పుడు 2006 చివర్లో సొంతంగా వెర్డూగో ప్రెస్ అని ఒక పేరు పెట్టుకుని తానే అచ్చేసుకున్నాడు. రచయిత పేరు కూడా తిరగేసి 'లైనాడ్ జెరాస్' అని పెట్టుకున్నాడు. కంప్యూటర్ పని చేసేవాళ్ళు ఒకరి చేతి నుంచి ఒకరు తీసుకుని చదివారు. వాళ్ళకి అందులో నిజం కనపడింది. మేం రోజూ చేసే పనే ఇది, ఇది జరగనిదేం కాదు అన్నారు. ఆ మాట పాకి పాకి పెద్ద ప్రచురణకర్తల చెవిన పడింది. 2009 జనవరిలో పెంగ్విన్ వాళ్ళ డటన్ సంస్థ దాన్ని అసలు పేరుతో మళ్ళీ వేసింది. 2010లో 'ఫ్రీడమ్' అని దానికి రెండో భాగం వచ్చింది.

సొంత డబ్బుతో అచ్చేసుకోవడం అంటే చిన్నచూపు చూసేవాళ్ళు ఉన్నారు. ఎవరూ వెయ్యనిది కాబట్టి పనికిరానిది అంటారు. 1936లో లాహోర్ సభ వాళ్ళు అంబేద్కర్ ఉపన్యాసం వద్దని సభనే రద్దు చేసుకుంటే, ఆయన తన ఖర్చుతో దాన్ని 1500 కాపీలు అచ్చేయించాడు. అదే 'కుల నిర్మూలన'. పెద్ద గుమ్మం మూసుకుంటే ఆ మాట తప్పని కాదు. గుమ్మం లోపలున్నవాళ్ళకి అది వినడం ఇష్టం లేదని అర్థం కూడా కావచ్చు. రెండు పుస్తకాలూ ఒకటని మేం అనడం లేదు. ఒకటి మనిషి బతుకు మార్చే పుస్తకం, ఒకటి రాత్రి నిద్ర పట్టకుండా చదివించే కథ. అచ్చు ఎవరు వేశారన్నది చూసి పుస్తకం విలువ కట్టకూడదన్నంత వరకే ఈ పోలిక.

ఇక కథ. మాథ్యూ సోబోల్ అనే ఆయన కంప్యూటర్ ఆటలు తయారుచేసే కంపెనీ పెట్టి కోట్లు గడించాడు. మెదడులో కేన్సర్ వచ్చి చచ్చిపోతాడు. చచ్చేముందు ఒక ప్రోగ్రాం రాసి పెడతాడు. అది లోకంలోని కంప్యూటర్లలో దాక్కుని రోజూ వార్తలు చూస్తూ ఉంటుంది. దేనికోసం? సోబోల్ చావు వార్త కోసం. ఆ వార్త పడగానే నిద్ర లేస్తుంది. మొదటి దెబ్బకి ఇద్దరు ప్రోగ్రామర్లు చస్తారు. వాళ్ళు ఎవరో కాదు, ఆ ప్రోగ్రాంలో ముక్కలు రాసినవాళ్ళే. ఒకతను మోటారు సైకిల్ మీద పోతుంటే దారికి అడ్డంగా ఉక్కు తీగ బిగుసుకుంటుంది. రెండో అతను ఆఫీసులోనే కరెంటు తగిలి పోతాడు. ఆ రెండో అతని పేరు చోప్రా సింగ్. మన దేశపు పేరే. పని చేసింది వాళ్ళు, పేరు వచ్చింది యజమానికి, చావొచ్చింది మళ్ళీ వాళ్ళకే. కోట కట్టించి రాళ్ళు మోసిన వాళ్ళ తలలు తీయించిన రాజుల కథలు మనం వినే ఉన్నాం.

పీటర్ సెబెక్ అనే పోలీసు ఈ కేసు పట్టుకుంటాడు. హంతకుడు ఎవరని వెతికితే హంతకుడు శ్మశానంలో ఉన్నాడు. ఎవర్ని అరెస్టు చెయ్యాలి? సోబోల్ బంగళా మీదికి పోలీసులు పోతే డ్రైవరు లేని బండి వచ్చి వాళ్ళని తొక్కేస్తుంది. కంపెనీల కంప్యూటర్లలో డీమన్ జొరబడుతుంది. నన్ను పీకేస్తే మీ లెక్కలన్నీ బూడిద చేస్తానంటుంది. కంపెనీలు నోరు మూసుకుని అది చెప్పినట్టు వింటాయి. పని లేని కుర్రాళ్ళని, జైళ్ళకి పోవాల్సినవాళ్ళని చేరదీసి తలా ఒక చిన్న పని అప్పజెప్తుంది. ఒకరి పని ఒకరికి తెలియదు. ఒకడు ఇనప ముక్క కోస్తాడు, ఒకడు మూట కట్టి పంపుతాడు, ఇంకొకడు బిగిస్తాడు. ముగ్గురి చేతుల్లోంచి ఒక చంపే యంత్రం బయటికి వస్తుంది. ముగ్గురిలో ఎవడూ హంతకుడు కాడు.

చివరికి సర్కారు ఏం చేస్తుంది? డీమన్ ఉందని ఒప్పుకుంటే జనం భయపడతారు, షేర్ల బజారు కూలుతుంది. అందుకని ఇదంతా ఉత్త మోసం, చేసింది ఆ పోలీసు సెబెక్కే అని కేసు కడతారు. రికార్డులన్నీ అతనికి వ్యతిరేకంగానే ఉంటాయి. ఎందుకుండవు? ఆ రికార్డులు రాసింది డీమనే గదా. కోర్టు అతనికి మరణశిక్ష వేస్తుంది.

ఇదీ కథ సారం. ఇందులో అందరూ గమనించాల్సిన సంగతి ఒకటుంది. ఇలాంటి కథలు చాలా వచ్చాయి. వాటన్నిట్లో యంత్రానికి మనిషిలాగా బుద్ధి పుడుతుంది, పుట్టి మనిషి మీద తిరగబడుతుంది. స్వారెజ్ అలా రాయలేదు. అతని డీమన్‌కి బుద్ధి లేదు. ఆలోచించదు, కోపం లేదు, పగ లేదు. ఫలానాది జరిగితే ఫలానాది చెయ్యి అని రాసిపెట్టిన వరసలు అంతే. వార్త వచ్చిందా, ఈ పని. ఈ మనిషి ఈ మాట అన్నాడా, ఆ పని. కంప్యూటర్ వాళ్ళ భాషలో డీమన్ అంటే దెయ్యం కాదు. తెర మీద కనపడకుండా వెనకాల నడుస్తూ, వేళ రాగానే తన పని చేసే ప్రోగ్రాంకి వాళ్ళు పెట్టుకున్న మామూలు పేరు. 1963 ప్రాంతంలో అమెరికాలో ఎం.ఐ.టి. వాళ్ళు ఆ మాట వాడటం మొదలుపెట్టారు. మనం పంపే ప్రతి ఈమెయిలు వెనకాల, బ్యాంకులో అర్ధరాత్రి కట్టే వడ్డీ వెనకాల అలాంటివి నడుస్తూనే ఉంటాయి.

అంటే నవల చెప్పేదేంటి? మన మీద పెత్తనం చెయ్యడానికి యంత్రానికి తెలివి అక్కర్లేదు. ఎవరో ఒకరి ఇష్టం అందులో రాసి ఉంటే చాలు. దాన్ని ఆపే మనిషి లేకపోతే చాలు. నోటు కాయితానికి తెలివుండి మన పిల్లగాణ్ణి పనికి పంపిందా?

ఇక్కడ భయం గురించి రెండు మాటలు చెప్పాలి. భయాలన్నీ ఒకటి కావు. ఎవరి భయం అన్నది అడగాలి.

'రోబో' అనే మాట ఎక్కడి నుంచి వచ్చిందో చాలామందికి తెలియదు. చెక్ భాషలో 'రొబోతా' అంటే వెట్టి. అచ్చంగా మన వెట్టే. భూస్వామి పొలంలో కూలి లేకుండా వారానికి ఇన్ని రోజులు చెయ్యాల్సిన చాకిరీ. ఆ దేశంలో 1848లో దాన్ని రద్దు చేశారు. 1920లో కారెల్ చాపెక్ అనే చెక్ రచయిత ఒక నాటకం రాశాడు. అందులో ఒక ఫ్యాక్టరీ మనుషుల్లాంటి పనివాళ్ళని తయారుచేసి అమ్ముతుంది. జీతం అడగరు, అలసట లేదు, ఆకలి లేదు. వాళ్ళకి పెట్టిన పేరు రోబోలు. అంటే వెట్టివాళ్ళు. చివరికి ఆ వెట్టివాళ్ళు తిరగబడి మనుషుల్ని చంపేస్తారు. ఒక్కడే మిగులుతాడు. 1921లో ప్రాగ్ నగరంలో ఆ నాటకం ఆడారు. తర్వాత ఆ మాట లోకమంతా పాకింది.

అప్పటి నుంచి వచ్చిన యంత్రాల కథలు చాలావాటిలో భయం ఒక్కటే. మన చాకిరీ చేసేది ఒకరోజు తల ఎత్తితే మన గతేంటి అని. ఇది ఎవరి భయం? దొర భయం. గడీలో పడుకుని వెట్టివాడి అడుగుల చప్పుడుకి ఉలిక్కిపడేవాడి భయం. ఆ భయాన్ని మనం అరువు తెచ్చుకోవాల్సిన పని లేదు.

మన భయం వేరే. మనకి దొర కంటే ముందు కనపడేది దొర కింద ఉండే గుమాస్తా. చిట్టా చేతిలో పట్టుకుని ఉంటాడు. "అయ్యా, నేను ఆ రోజు పనికొచ్చాను" అంటే "చిట్టాలో లేదు" అంటాడు. "అయ్యా, అప్పు తీర్చేశాను" అంటే "చిట్టాలో ఉంది" అంటాడు. మన కళ్ళ ముందు నిజం ఒకటి, చిట్టాలో నిజం ఒకటి. గెలిచేది చిట్టానే. ఆ గుమాస్తాకి నిద్ర లేకపోతే? ఆకలి లేకపోతే? కాళ్ళు పట్టుకుందామంటే కాళ్ళు, మొర పెట్టుకుందామంటే చెవులు లేకపోతే? అదే డీమన్. స్వారెజ్ నవల మిగతావాటి కంటే మనకి దగ్గరగా ఉన్నది అందుకే. అందులో యంత్రం తిరగబడిన వెట్టివాడు కాదు. పోయిన దొర కూర్చోబెట్టి పోయిన గుమాస్తా.

ఇది నవలే గదా అంటారా? నవలలో లేని మూడు సంగతులు చెప్తాం. మూడూ జరిగినవే.

మొదటిది ఇంగ్లాండులో. అక్కడి పోస్టాఫీసులకి 1999 నుంచి 'హొరైజన్' అనే కంప్యూటర్ లెక్కల పద్ధతి పెట్టారు. చిన్న ఊళ్ళలో పోస్టాఫీసు నడిపేవాళ్ళ లెక్కల్లో డబ్బు తగ్గినట్టు అది చూపించింది. మేం పైసా తీయలేదు మొర్రో అన్నారు వాళ్ళు. కంప్యూటర్ తప్పు చెప్పదు అన్నారు అధికారులు. అక్కడి కోర్టులు కూడా, తేడా ఉందని చూపిస్తే తప్ప కంప్యూటర్ సరిగ్గానే పనిచేసిందని అనుకునే రూలు మీద నడిచాయి. తేడా ఉందని ఊరి పోస్టుమాస్టరు ఎలా చూపిస్తాడు? ఆ లోపలి లెక్క అతని చేతికి ఇస్తేగదా. 900 మందికి పైగా దొంగలని శిక్షలు పడ్డాయి. కొందరు జైలుకి పోయారు. కొందరు ఇల్లు అమ్ముకున్నారు. కొందరు ప్రాణాలు తీసుకున్నారు. తప్పు కంప్యూటర్‌దే అని తేలడానికి ఇరవై ఏళ్ళు పట్టింది. ఆ శిక్షలన్నీ ఒక్క దెబ్బతో కొట్టేయడానికి 2024 మేలో పార్లమెంటు ప్రత్యేకంగా చట్టం చెయ్యాల్సి వచ్చింది. నవలలో సెబెక్ మీద కట్టిన కేసుకీ దీనికీ తేడా ఏముంది?

రెండోది నెదర్లాండ్స్‌లో. పిల్లల్ని చూసుకునే కేంద్రాల ఖర్చుకి అక్కడి సర్కారు తల్లిదండ్రులకి డబ్బు సాయం ఇస్తుంది. ఎవరు మోసం చేస్తారో ముందే పట్టుకోవాలని పన్నుల శాఖ ఒక ప్రోగ్రాం పెట్టింది. బయటి దేశాల నుంచి వచ్చి స్థిరపడినవాళ్ళ మీద, తక్కువ జీతాలవాళ్ళ మీద దాని అనుమానం ఎక్కువగా పడింది. సంతకం ఒకటి మర్చిపోయినా మోసగాళ్ళ కింద జమకట్టి ఏళ్ళ తరబడి ఇచ్చిన డబ్బంతా వెనక్కి కట్టమన్నారు. వేలాది కుటుంబాలు అప్పుల్లో మునిగాయి. సంసారాలు విడిపోయాయి. ఇది బయటపడి 2021 జనవరి 15న ఆ దేశపు మంత్రివర్గమే రాజీనామా చేసింది.

మూడోది మన దగ్గర. తెలంగాణలో 'సమగ్ర వేదిక' అని ఒక పద్ధతి ఉంది. రకరకాల శాఖల దగ్గరున్న లెక్కల్ని ఒకచోట కలిపి, పేరు, చిరునామా లాంటివి పోల్చి, ఈ ఇంటివాళ్ళకి ఇది ఉంది అది ఉంది అని చెప్పే ప్రోగ్రాం అది. దాని మాట మీద రేషన్ కార్డులు తీసేశారు. ఇంటికి వచ్చి చూడలేదు, నోటీసు ఇవ్వలేదు. నెల మొదట్లో షాపుకి పోతే "మీ కార్డు లేదమ్మా" అన్నారు. ఎందుకు లేదంటే డీలరుకి తెలియదు, ఆఫీసులో గుమాస్తాకి తెలియదు, పైఅధికారి కంప్యూటర్ వైపు చూపిస్తాడు. కారు ముఖం చూడని ఇంటికి కారుందని రాసి కూడు ఆపిన సంగతులు బయటికొచ్చాయి. పేరు కలిసిన ఇంకెవరిదో కారు అది. సంగతి సుప్రీంకోర్టు దాకా పోయింది. 2016 నుంచి తీసేసిన సుమారు 19 లక్షల కార్డుల్ని మళ్ళీ ఊళ్ళోకి పోయి విచారించమని 2022 ఏప్రిల్‌లో కోర్టు చెప్పింది.

ఆ లెక్క ఒకసారి ఆలోచించండి. దొంగ కార్డులు లేవని మేం అనం. ఉన్నాయి, తియ్యాలి. కానీ దొంగ కార్డు తీసే పేరుతో నిజం కార్డు ఒకటి పోయినా ఒక పొయ్యి ఆరిపోతుంది. యంత్రం రాసినాయనకి అది నూటికి ఒకటో రెండో తప్పు. మనకి అది పూర్తి తప్పు. ఇంట్లో ఆకలి నూటికి ఇంత అని ఉండదు.

ఇక్కడ ఇంకో మాట వినపడుతుంది. ఇవన్నీ పాత రకం చిట్టా యంత్రాలు, ఇప్పుడు వస్తున్నవి వేరు అంటారు. నిజమే, ఇప్పుడు మనిషిలాగా మాట్లాడే, రాసే, బొమ్మలేసే యంత్రాలు వచ్చాయి. వాటిని తయారుచేసిన పెద్దలే 2023 మేలో ఒక ప్రకటన మీద సంతకాలు పెట్టారు. దీనివల్ల మానవజాతే అంతరించే ప్రమాదం ఉంది, అణుయుద్ధంతో సమానంగా దీన్ని పట్టించుకోవాలన్నారు. ఆ శాస్త్రానికి పునాదులేసిన జెఫ్రీ హింటన్ గూగుల్ ఉద్యోగం వదిలి బయటికొచ్చి హెచ్చరించాడు.

మేం ఆ హెచ్చరికని కొట్టిపారెయ్యం. తెలిసినవాళ్ళు చెప్తున్నారు, వినాలి. కానీ రెండు ప్రశ్నలు అడుగుతాం. ఒకటి, అంత ప్రమాదమని తెలిసినప్పుడు సంతకం పెట్టిన చేత్తోనే మరుసటి రోజు ఇంకా పెద్ద యంత్రం ఎందుకు కడుతున్నారు? రెండు, రేపు అందరూ చస్తారేమో అన్న భయానికి ఇంత పెద్ద సంతకాలైతే, నిన్న కార్డు పోయిన ఇంటి గురించి ఒక్క సంతకం లేదేం? రేపటి వరద గురించి దండోరా వేసేవాడు, ఇవాళ మన గుడిసెలోకి వచ్చిన నీళ్ళు కూడా చూడాలి. రెండు నీళ్ళూ ఒకే చెరువువి. ఆపేవాడు లేని యంత్రం, జవాబు చెప్పేవాడు లేని ఉత్తర్వు. చిన్నదాన్ని ఆపడం నేర్చుకోనివాళ్ళు పెద్దదాన్ని ఆపుతారని మేం నమ్మం.

ఇంకో సంగతి. ఆ మాట్లాడే యంత్రాలు ఊరికే నేర్చుకోలేదు. మనుషులు రాసినవన్నీ దానికి మేత వేశారు. ఆ మేతలో ఉన్న బూతు, హత్య, అత్యాచారం ఏరి పక్కన పెట్టే పని ఆఫ్రికాలో కెన్యా పనివాళ్ళ చేత చేయించారు. గంటకి రెండు డాలర్ల లోపు కూలి. రోజంతా అవే చదివి వాళ్ళ మనసులు విరిగిపోయాయి. 2023 జనవరిలో అమెరికా పత్రిక 'టైమ్' ఈ సంగతి బయటపెట్టింది. అందరి మురికీ ఎత్తిపోసే పని ఎవరికి అప్పజెప్తారో మనకి కొత్తగా చెప్పాలా? రోబో అన్న మాటకి మొదటి అర్థం వెట్టి. ఆ వెట్టి యంత్రం మీదికి పోలేదు. యంత్రం వెనకాల దాక్కుంది.

మళ్ళీ నవల దగ్గరికి వద్దాం. మెచ్చుకున్నాం కాబట్టి తప్పు కూడా చెప్పాలి.

రెండో భాగం 'ఫ్రీడమ్'లో కథ తిరుగుతుంది. డీమన్ చంపడానికి మాత్రమే పుట్టింది కాదని, పెద్ద కంపెనీల గుప్పిట్లోంచి జనాన్ని బయటికి తేవడానికి సోబోల్ వేసిన పథకమని తెలుస్తుంది. చిన్న ఊళ్ళు తమ తిండి తాము పండించుకుంటాయి, తమ కరెంటు తాము తెచ్చుకుంటాయి, ఒకరికొకరు మంచిపేరు మార్కులేసుకుని పెద్దరికం పంచుకుంటారు. కూలీ నాలీ చేసుకునేవాళ్ళ చేతికి సాంకేతికం వస్తే ఎలా ఉంటుందో చూపించాడు. ఆ కల మంచిదే. కంపెనీల కిరాయి సైన్యాలు ఆ ఊళ్ళ మీద పడటం చదువుతుంటే మనకి కొత్తగా అనిపించదు.

కానీ ఆ స్వేచ్ఛ ఎవరిచ్చారు? ఒక చచ్చిపోయిన కోటీశ్వరుడు. ఎవర్ని అడిగి ఇచ్చాడు? ఎవర్నీ అడగలేదు. ఎంతమంది శవాల మీద ఇచ్చాడు? లెక్క లేదు. మంచి దొర వస్తే బాగుపడతామన్న పాత పాటే ఇది, కంప్యూటర్ మీద వాయించారు. మంచి దొర గుమాస్తా కూడా గుమాస్తానే. ఇవాళ మనకి అనుకూలంగా రాసిన వరస రేపు ఇంకొకడు మారుస్తాడు. మార్చే చోట మనం లేకపోతే మారినట్టు కూడా మనకి తెలియదు. ఇంకో లోపం, ఇంత పెద్ద కథలో ఆఫీసులు ఊడ్చే మనిషి, సామాన్లు మోసే మనిషి పేరు పెట్టుకుని నిలబడరు. వీరులంతా కంప్యూటర్ తెలిసిన మొనగాళ్ళే. లోకాన్ని పాడుచేసేదీ వాళ్ళే, బాగుచేసేదీ వాళ్ళే. మిగతావాళ్ళు చావడానికి, చప్పట్లు కొట్టడానికి. ఈ ఆలోచన కూడా ఒక డీమనే. దీన్ని కూడా కనిపెట్టి ఉండాలి.

అయితే ఏం చెయ్యాలి? యంత్రాల్ని పగలగొట్టమని మేం చెప్పం. అదే యంత్రం గల్ఫులో ఉన్న కొడుకు ముఖం తల్లికి చూపిస్తోంది. యంత్రం మీద కోపం కాదు, యంత్రాన్ని అడ్డం పెట్టుకుని జవాబు చెప్పకుండా తప్పించుకునే మనిషి మీద మన దృష్టి ఉండాలి.

దారి మన దగ్గరే ఉంది. 2006లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ పనుల మీద సోషల్ ఆడిట్ మొదలైంది. అందులో చేసింది పెద్ద విద్యేం కాదు. మస్టర్ రోల్ తీసుకొచ్చి ఊరి మధ్య కూర్చుని గట్టిగా చదివారు. ఫలానా మనిషి ఇన్ని రోజులు పని చేసింది, ఇంత కూలి తీసుకుంది అని చదివితే, ఆ మనిషి అక్కడే లేచి "నాకు రాలేదు" అంది. అంతే, చిట్టా గుట్టు బయటపడింది. చచ్చిపోయినవాళ్ళు కూలికొచ్చినట్టు రాసిన పేర్లు బయటపడ్డాయి. చదువు రాని ఆడమనిషి నోటి మాట ముందు చిట్టా ఓడిపోయింది. యంత్రం రాసే చిట్టాకి కూడా అదే మందు. బయటికి తెచ్చి, మన భాషలో, మన మధ్య గట్టిగా చదవాలి.

అందుకని మేం అడిగేవి ఇవి. ఏ కార్డు తీసినా, ఏ పింఛను ఆపినా ముందు నోటీసు ఇవ్వాలి, తెలుగులో, కారణం రాసి. ఇంటికొచ్చి చూడందే తీసేయకూడదు. కంప్యూటర్ చెప్పింది అన్నది కారణం కాదు. ఏ రూలు మీద చెప్పిందో, ఏ లెక్క చూసి చెప్పిందో గ్రామసభలో చదివి వినిపించాలి. తప్పని తేలితే ఆగిన నెలల బియ్యం కూడా ఇవ్వాలి. తప్పుకి సంతకం పెట్టిన అధికారి పేరు ఉండాలి. నిరూపించే బాధ్యత తీసేసినవాళ్ళది, ఆకలితో ఉన్నవాళ్ళది కాదు.

కార్యకర్తలకి ఒక మాట. ఇందులో కొన్ని ఇప్పటికే చట్టంలో ఉన్నాయి. 2005 సమాచార హక్కు చట్టం 4(1)(డి) ప్రకారం సర్కారు తీసుకున్న నిర్ణయం ఎవరి మీద పడుతుందో వాళ్ళకి కారణం చెప్పాలి. 30 రోజుల్లో జవాబు ఇమ్మని దరఖాస్తు పెట్టొచ్చు. 2013 ఆహార భద్రత చట్టం ప్రకారం జిల్లాకొక ఫిర్యాదుల పరిష్కార అధికారి ఉండాలి. ఆయన ఎవరో, ఏ గదిలో కూర్చుంటాడో కనుక్కోండి. ఊరూరా తిరిగి కార్డు పోయిన ఇళ్ళ పేర్లు రాయండి. ఎప్పుడు పోయింది, ఏం చెప్పారు, ఎవరు చెప్పారు అని మూడు గళ్ళు గీసి రాయండి. ఒక్కరు పోయి అడిగితే "సిస్టంలో లేదు" అంటారు. నలభై మంది ఆ కాయితం పట్టుకుని పోయి అడిగితే సిస్టం వెనకాల ఉన్న మనిషి కుర్చీలోంచి లేస్తాడు.

స్వారెజ్ నవలలో సోబోల్ని ఎవరూ ఏమీ చెయ్యలేకపోయారు, ఎందుకంటే అతను చచ్చిపోయాడు. మన అదృష్టం ఏంటంటే, మన మీద నడుస్తున్న డీమన్లని రాయించినవాళ్ళు ఇంకా బతికే ఉన్నారు. వాళ్ళకి పేర్లున్నాయి, ఆఫీసులున్నాయి, వాళ్ళలో కొందరికి మన ఓట్లు కావాలి. యంత్రానికి చెవులు లేకపోవచ్చు. వీళ్ళకి ఉన్నాయి. వినపడేదాకా అడుగుదాం.